కూర్మం తిప్పలో పసుపు కుంకుమ

జామీను కాగితం మీద నేను సంతకం పెట్టేసరికి సోమవారం పొద్దున్న పదకొండు గంటల పది నిమిషాలు. టైము ఇంత కచ్చితంగా ఎలా చెబుతున్నానంటే, సర్కిల్ ఇన్‌స్పెక్టర్ శ్రీరామ్మూర్తి తన చేతి గడియారం నా ముక్కు కింద పెట్టి, ఈ టైము ఎక్కడైనా రాసిపెట్టుకోమన్నాడు. వాడికి అలాంటి మాటలంటే సరదా. ఇద్దరం ఒకే ఏడు ఎస్సైలుగా చేరాం. నేను ఆరేళ్ళకే ఆ ఉద్యోగానికో దణ్ణం పెట్టి వన్ టౌన్‌లో డిటెక్టివ్ బోర్డు కట్టుకున్నాను. వాడు అక్కడే ఉండి భుజం మీద మూడో నక్షత్రం తగిలించుకున్నాడు. కనబడ్డప్పుడల్లా ఆ సంగతి నాకు గుర్తు చేయకపోతే వాడికి తోచదు.

నేను జామీను ఇచ్చింది వీర్రాజుకి. వన్ టౌన్ హుస్సేన్ బాషా గారి టూరిస్టు లాంచికి వాడు సరంగు, అంటే లాంచి నడిపేవాడు. ప్రతి ఆదివారం పొద్దున్నే ఫిషింగ్ హార్బర్‌లో జనాన్ని ఎక్కించుకుంటాడు. డాల్ఫిన్లను చూపించి, కొంగల తిప్ప, కూర్మం తిప్ప, పావురాల తిప్ప అనే మూడు చిన్న దీవులూ తిప్పి, పొద్దు వాలేలోగా తిరిగి ఒడ్డుకి చేరుస్తాడు. నిన్న ఇరవై ముగ్గురిని తీసుకెళ్ళి ఇరవై ఇద్దరిని తీసుకొచ్చాడు. తిరిగి రాని మనిషి పేరు లాంచి లిస్టులో సుందర్ రాజ్ అని ఉంది. అసలు పేరు కృపాకర్. ఆ దొంగపేరు రాయించింది నేనే.

కృపాకర్ పోర్టులో టాలీ క్లర్కు. ఓడ నుంచి దిగే సరుకు పెట్టెలు లెక్క రాసుకునే ఉద్యోగం. పోయిన ఏడాది వానాకాలంలో ఒక గోడౌను వెనక ఒక కూలీని ఇనప కొక్కెంతో పొడుస్తుంటే కళ్ళారా చూశాడు. పక్కన నిలబడి పొడిపించినవాడు కూలీల కాంట్రాక్టరు పైడిరాజు. పొడిచినవాడెవడో మాత్రం తెలియదు. పొట్టి మనిషి, ఎడమ చెవి తమ్మె చీలి ఉంది, అంతవరకే చెప్పగలిగాడు. పైడిరాజు మీద కేసు మంగళవారం పదిన్నరకి సెషన్స్ కోర్టులో విచారణకి వస్తుంది. దానికి ఉన్న సాక్షి కృపాకర్ ఒక్కడే. అతన్ని మంగళవారం దాకా ప్రాణాలతో ఉంచుతానని అతని భార్య ఫ్లోరెన్స్‌కి మాటిచ్చిన పెద్దమనిషిని నేను.

శనివారానికి పైడిరాజు మనుషులు నా ఆఫీసు సందు మొదట్లో టీ తాగుతూ తిష్ఠ వేశారు. నాలుగు గోడల మధ్య దాచేకంటే నలుగురిలో కలిపేస్తే మేలని, ఆదివారం పొద్దంతా నీళ్ళమీద ఉండే మనిషిని ఎవడూ ముట్టుకోలేడని నాకు అనిపించింది. వేకువనే కృపాకర్‌ని దొడ్డిదారిన పంపించి, నేను ద్వారకా నగర్‌లో ఒక ఖాళీ ఇంటి ముందు కుర్చీ వేసుకుని, లోపల ఎవరో ఉన్నట్టు రోజంతా కాపలా నటించాను. పైడిరాజు మనుషులు అక్కడే నా ఎదురుగా ఎండలో నిలబడ్డారు. వాళ్ళ మొహాలు చూసి లోలోపల తెగ నవ్వుకున్నాను కూడా.

సంతకానికి ముందు కోర్టు వరండాలో శ్రీరామ్మూర్తికీ నాకూ వాదన పడింది.

"శవం లేదు, కారణం లేదు, చూసినవాడు లేడు," అన్నాను. "దొరికినవాణ్ణి తెచ్చి లాకప్‌లో పడేస్తే కేసు తేలిపోయినట్టేనా?"

"సుందర్ రాజ్ అంటే కృపాకర్ అని తెలిసిన మనుషులు ఇద్దరు. ఒకడివి నువ్వు, రెండోవాడు వీర్రాజు. మూడో పేరు చెప్పు శుభాకర్, ఈ కాగితం నేనే పట్టుకెళ్ళి ఇస్తాను."

మూడో పేరు నా దగ్గర లేదు. పన్నెండేళ్ళుగా వీర్రాజు నాకు తెలుసని మాత్రం అన్నాను.

"నీకు మనిషి తెలుసు. నాకు కేసు తెలుసు," అన్నాడు శ్రీరామ్మూర్తి. తర్వాత గొంతు తగ్గించి, ఒక్క రోజు ఆగమన్నాడు. రేపు కోర్టు అయ్యేదాకా వీర్రాజు తన లాకప్‌లో ఉంటే ఎవరికీ నష్టం లేదన్నాడు. అది వాడి మొండితనం అనుకున్నాను. కూర్చున్న కుర్చీ బలం చూపిస్తున్నాడనుకుని, వాడి కలంతోనే సంతకం గీకి ఇచ్చాను.

వీర్రాజుకీ నాకూ వరస ఏమీ లేదు. నేను ఎస్సైగా ఉన్నప్పుడు ఒక దొంగసరుకు నావని తరుముతూ సముద్రంలో పడ్డాను. అటుగా వస్తున్న వీర్రాజు నన్ను జుట్టు పట్టుకుని తన తెప్ప మీదకి లాగాడు. ఇద్దరం చెరో గుక్కెడు ఉప్పునీళ్ళు కక్కుకున్నాక వాడు నన్ను బావా అన్నాడు, నేను వాణ్ణి బావా అన్నాను. అప్పటినుంచి క్రిస్మస్‌కి మా ఇంట్లో వాడికి విస్తరి పడాల్సిందే. వాళ్ళ పిల్ల పెళ్ళిలో నేను దగ్గరుండి పందిరి గుంజలు పాతించాను.

బయటికొచ్చాక వీర్రాజు కోర్టు మెట్ల మీద నా రెండు చేతులూ పట్టుకున్నాడు. లాకప్‌లో ఒక రాత్రికే గడ్డం మాసిపోయి పెద్దవాడిలా కనిపించాడు.

"నాను ఇంటికెల్లి తానం సేసి వత్తాను బావా. సాయంత్రం కలుద్దాం," అన్నాడు. నా మొహంలోకి చూడలేదు. లాకప్ నుంచి వచ్చినవాడికి సిగ్గు ఉంటుంది కదా అనుకుని నేనే తల తిప్పుకున్నాను.

పదకొండూ నలభైకి వన్ టౌన్‌లో ఆడపిల్లల హైస్కూలుకి వెళ్ళాను. లాంచి ఎక్కిన ఇరవై ఇద్దరిలో సగం మంది స్టీల్ ప్రాజెక్టు క్వార్టర్ల వాళ్ళు. వాళ్ళు చెప్పిందంతా పోలీసు రికార్డులో ఉంది, ఎవరి మాటకీ ఎవరి మాటకీ పొంతన లేదు. ఒకాయన కృపాకర్‌ని పన్నెండింటికి చూశానంటాడు, ఆయన భార్య రెండింటికి చూశానంటుంది. నేను వెతుక్కుంటూ వెళ్ళింది గౌసియా గారి కోసం. ఆవిడ సైన్సు టీచరు. లాంచిలో పొద్దంతా ఒళ్ళో నోటుబుక్కు పెట్టుకుని ఏదో రాస్తూ కూర్చుందని హుస్సేన్ బాషా గారు చెప్పారు.

స్టాఫ్ రూములో నన్ను కూర్చోమని కూడా అనకుండా, ఆవిడ ముందు పోలీసుల మీద విరుచుకుపడింది. నిన్న సాయంత్రం కానిస్టేబులు తన మాట సగంలో ఆపేసి, పక్షుల సంగతి ఎందుకమ్మా, మనిషి సంగతి చెప్పమన్నాడట. నేను పక్షులతోనే మొదలుపెట్టమన్నాను. దాంతో కుర్చీ దొరికింది.

నోటుబుక్కు బంగారం. పరీక్ష పేపరు దిద్దినంత శ్రద్ధగా ఎడమ పక్క టైము, కుడి పక్క సంగతి. ఆరూ నలభై, హార్బర్ వదిలాం. ఏడూ ముప్పై ఐదు, డాల్ఫిన్స్ నోస్ కొండ దాటాక డాల్ఫిన్లు పదకొండు, అందులో ఒకటి పిల్ల. పన్నెండు నిమిషాలు లాంచి పక్కనే ఈదాయి. తొమ్మిదీ పది, కొంగల తిప్ప. అరవై పైన కొంగలు, ఒక సముద్రపు గద్ద కొంగ నోట్లో చేపని తన్నుకుపోయింది. పదకొండున్నర, కూర్మం తిప్ప. అక్కడే పులిహోర పొట్లాలు.

"పులిహోర మూడో తిప్పలో కదా పెడతారు?" అడిగాను. హుస్సేన్ బాషా గారు లాంచికి వేసిన కరపత్రంలో అలాగే ఉంది.

ఎండ ముదురుతోందని సరంగే ఇక్కడ పెట్టించాడని చెప్పింది. తూర్పు పక్క ఇసకలో గుడ్డ పందిరి వేశారు. అవతలి ఒడ్డుకి, అంటే పడమటి పక్కకి, పన్నెండుంబావు దాకా ఎవరూ వెళ్ళొద్దన్నాడట, రాళ్ళు పాచిపట్టి ఉన్నాయని.

"సుందర్ రాజ్ గారిని ఆఖరున ఎప్పుడు చూశారు?"

ఆవిడ వేలు కాగితం మీద ఆగింది. పదకొండూ యాభై. పడమటి పక్కకి ఒక్కడే నడిచి వెళ్ళాడు. అందర్నీ వద్దన్న సరంగు ఆయన్ని ఆపలేదేమా అని ఆవిడకి అనిపించిందట. బలవంతం ఏమీ లేదు, భయం కూడా లేదు. సంచి భుజానికి తగిలించుకుని, ఊరెళ్ళే బస్సు వచ్చినవాడిలా హుషారుగా వెళ్ళాడు. సంచి మాట వినగానే నాకు ఒకటి తట్టింది. తిరిగి రావాలనుకున్నవాడు సంచి పందిట్లో వదిలే వెళతాడు. ఆయన మరి రాలేదు. ఒంటిగంటుంబావుకి లాంచి ఎక్కేటప్పుడు మనిషి తక్కువయ్యాడని తెలిసింది. రెండున్నర దాకా వెతికి, మూడో తిప్ప మానుకుని తిరిగి వచ్చేశారు.

"పదకొండూ యాభైకీ ఒంటిగంటుంబావుకీ మధ్య మీరింకేం రాశారు?"

"తాబేలు," అంది గౌసియా గారు. మొహంలో మొదటిసారి నవ్వు కనిపించింది. "పన్నెండూ ఇరవైకి మమ్మల్ని పడమటి పక్కకి వదిలారు. నీళ్ళ అంచున పెద్ద తాబేలు, అలిసిపోయి కదలకుండా ఉంది. వీపు మీద పసుపు రాసి కుంకుమ బొట్లు పెట్టారండీ. పక్కన కొబ్బరి చిప్ప కూడా ఉంది. టూరిస్టుల కోసం లాంచి వాళ్ళు చేసిన తమాషా అనుకున్నాను. జంతువుకి రంగులు పూయడం నాకు నచ్చలేదు, అదే రాశాను."

నేను కుర్చీలోంచి లేచిపోయాను. పసుపు ఎలా ఉంది, కుంకుమ ఎలా ఉంది అని మూడుసార్లు అడిగేసరికి ఆవిడ నన్ను తేరిపారచూసింది. పసుపు తడికి అంటుకుని ఉందట. కుంకుమ మాత్రం ఇంకా పొడిగా ఉండి గాలికి రాలుతోందట. అంటే పెట్టి ఎంతోసేపు కాలేదు. ఒక్క అల తగిలినా ఆ కుంకుమ మిగలదు.

గౌసియా గారికి తెలియనిది, ఈ తీరంలో పుట్టిన ప్రతి జాలరికీ తెలిసినది ఒకటుంది. వలలో తాబేలు పడితే ఇక్కడ ఎవడూ దాన్ని తాబేలు అనడు, స్వామి అంటాడు. శ్రీకూర్మంలో ఉన్నది ఆయనే కదా మరి. ఎంత తొందరలో ఉన్నా, వల ఎంత ఖరీదైనదైనా, వల కోసి స్వామిని విడిపించి, పసుపు రాసి, బొట్టు పెట్టి, కొబ్బరికాయ కొట్టి, తప్పు కాయమని చెప్పి నీళ్ళలోకి సాగనంపుతారు. అందుకోసం ప్రతి బోటు ముక్కు దగ్గర ఒక రేకు డబ్బా ఉంటుంది. వీర్రాజు అలా చేస్తుంటే నేను స్వయంగా చూశాను. ఆ రోజు చేతికొచ్చిన వంజరం చేపల గుంపుని వదిలేసుకున్నాడు.

టూరిస్టు లాంచిలో వల ఉండదు. కాబట్టి కూర్మం తిప్ప పడమటి ఒడ్డున నిన్న మధ్యాహ్నం వల ఉన్న బోటు ఒకటి ఆగింది. మనిషిని ఎత్తుకుపోవడానికి వచ్చినవాళ్ళు కూడా, వలకి స్వామి చుట్టుకునేసరికి, ఆ పని ఆపి పసుపు డబ్బా తీశారు. ఇంకొకడైతే తాబేలుని వలతో సహా ఈడ్చుకుని పోయేవాడు. ఈ తీరం వాడికి అది చేతకాదు.

నా ఆనందం ఇంతా అంతా కాదు. మూడో పేరు చెప్పమన్నాడు కదా శ్రీరామ్మూర్తి, పేరేమిటి, బోటే దొరికింది. వీర్రాజు తన వాఙ్మూలంలో పొద్దున్నుంచి ఏ బోటూ ఆ దరిదాపులకి రాలేదని చెప్పాడు. తూర్పు పక్కన ఉన్నవాడికి పడమటి పక్క ఎలా కనబడుతుంది పాపం అనుకున్నాను. నా బావని కడిగిన ముత్యంలా బయట పెట్టడానికి కావలసిన సాక్ష్యం ఆ తిప్ప మీద ఉంది. దాన్ని తెచ్చి ఆ మూడు నక్షత్రాలవాడి బల్ల మీద పెట్టాలి.

పన్నెండున్నరకి హుస్సేన్ బాషా గారి తమ్ముడు దావూద్ తన చిన్న మోటారు పడవ తీశాడు. గడ్డం నెరిసిన మనిషి, నోట్లో తమలపాకు ఉంటే మాట్లాడడు, అది నాకూ హాయి. రెండింటికి కూర్మం తిప్ప చేరాం.

తిప్ప అంటే రెండు రాతి దిబ్బలు, వాటి మధ్య ఇసక మెడ. తూర్పున లాంచి ఆగిన చోటే దావూద్‌ని పడవలో ఉండమని, నేను మెడ దాటి పడమటి ఒడ్డుకి నడిచాను. నూట పది అడుగులు. నిన్న సాయంత్రం వచ్చిన పోలీసులు శవం కోసం నీళ్ళవైపు చూశారు, రాళ్ళవైపు చూడలేదు. నీళ్ళు అందని రాయి మీద కుంకుమ మరక ఉంది. దాని కింద కొబ్బరి చిప్ప, చీమలు పట్టి. తాబేలు వెళ్ళిపోయిన జాడ ఇసకలో బండి చక్రం గీతలా ఉంది. రాతి సందులో కోసి పారేసిన నైలాను వల ముక్కలు.

అవి తీయబోతుంటే వెనకనుంచి దావూద్ కేక వినబడింది. తిరిగి చూస్తే పడవలో నిలబడి, ఏమైనా దొరికిందా అని చెయ్యి ఊపుతున్నాడు. నాకు వాడు నడుము దాకా కనబడుతున్నాడు. వాడికి నేనూ కనబడుతున్నాను. ఆమాత్రం చూసుకోకుండా ఇంతదూరం వచ్చాను. ఇసక మెడ అంత పల్లంగా ఉంది. నేల మీద కూర్చుని పులిహోర తినేవాళ్ళకి అవతలి ఒడ్డు కనబడదు, నిలబడ్డవాడికి కనబడుతుంది.

కేకేసి అడిగాను, లాంచి కేబినులో నిలబడితే ఎంతవరకు కనబడుతుందని.

"ఈ పడవకంటే మనిషి ఎత్తు పైనుంటాది సాబ్ కేబిను. నీళ్ళ అంచు దాకా సాఫ్ కనబడతాది," అన్నాడు దావూద్.

అప్పుడు కూడా నేను వీర్రాజుని ఏమీ అనుకోలేదు. పులిహోర పంచుతూ ఉండి ఉంటాడు, కేబిను ఎక్కి ఉండడు, అని వాడి తరఫున నేనే జవాబు చెప్పుకున్నాను. వంగి వల ముక్క చేతిలోకి తీసుకున్నాను.

ఆకుపచ్చ వల. చిరిగిన చోటల్లా నారింజ రంగు దారంతో అల్లారు.

అక్కడే రాయి మీద కూర్చున్నాను. ఆ దారం ఈ తీరంలో ఎక్కడా దొరకదు. ఓడ సామాను వేలంలో నేను ఒక నారింజ రంగు మోకు కొన్నాను, దేనికీ అక్కరకి రాకపోతే పోయిన వానాకాలంలో వీర్రాజుకి ఇచ్చాను. వాడి భార్య చిలకమ్మ ఆ మోకు పురి విప్పి పోగులు తీసి, గుమ్మంలో కూర్చుని వలకి కుట్లు వేసింది. చేపలకి పెళ్ళిపందిరి కడుతున్నావా చెల్లీ అని నేను ఆటపట్టించాను. ఆవిడ నవ్వి, నాకు మజ్జిగ ఇచ్చింది.

అప్పుడు మిగతావన్నీ వాటంతట అవే వరసలో నిలబడ్డాయి. పులిహోర రెండో తిప్పలో ఎందుకు పెట్టించాడు, పడమటి పక్కకి జనాన్ని ఎందుకు వెళ్ళనివ్వలేదు, కృపాకర్‌ని ఎందుకు ఆపలేదు, ఏ బోటూ రాలేదని ఎందుకు చెప్పాడు. ఇంకొకటి కూడా. నలుగురిలో కలిపేస్తే మేలు అన్న ఆలోచన నాది కాదు. శుక్రవారం నాడు నాకు బీడీ అందిస్తూ, నీ మనిషిని మా లాంచిలో దోపేత్తే ఎవడు సూత్తాడు బావా అన్నాడు వీర్రాజు. నేను నాలుగు గంటలు ఆలోచించి అది నా తెలివే అనుకున్నాను.

కోపం తర్వాత వచ్చింది. ముందు ఏడుపు వచ్చింది, నిజం చెప్పాలంటే. నలభై రెండేళ్ళ మనిషిని, ఎన్నో అబద్ధాలు పట్టుకున్నవాణ్ణి, ఒక్కడి దగ్గర మాత్రం పట్టుకోవాలని ఎప్పుడూ అనుకోలేదు. ఆ ఒక్కడే దొరికాడు. తిరుగు ప్రయాణంలో దావూద్ నా మొహం చూసి, తమలపాకు నాకూ ఒకటి చుట్టి ఇచ్చాడు. నోట్లో పెట్టుకోలేకపోయాను.

నాలుగుంబావుకి జాలరిపేటలో వీర్రాజు ఇంటి ముందు నిలబడ్డాను. చిలకమ్మ గుమ్మంలోనే ఉంది. ఆదివారం సాయంత్రం మొగుణ్ణి స్టేషనుకి తీసుకెళ్ళగానే పరుగున నా దగ్గరకి వచ్చి, కాళ్ళు పట్టుకుని, విడిపించమని ఏడ్చిన మనిషి. ఇప్పుడు నన్ను చూసి లేవలేదు. వీర్రాజు ఏడని అడిగితే పడుకున్నాడంది. ఇంట్లోకి తొంగి చూశాను, చాప చుట్టి గోడకి ఆనించి ఉంది. గుంజ మీద ఉండాల్సిన వల లేదు.

వల ముక్క ఆవిడ ఒళ్ళో పెట్టాను.

ఆవిడ దాన్ని వేళ్ళతో తడిమింది. తన చేతి కుట్లని తనే చూసుకుంటోంది. నేను అరుస్తానని, చెయ్యి చేసుకుంటానని భయపడుతున్నట్టు లేదు. నాకు అరవడానికి ఓపిక లేదు. కృపాకర్ తనంతట తాను ఆ బోటు ఎందుకు ఎక్కాడని మాత్రం అడిగాను.

"నీ పేరు సెప్పినారు," అంది. "సుబాకర్ బాబు ఈ బోటు పంపినాడు, ఇక్కడినుంచి నిన్ను వేరే సోటుకి మార్చమన్నాడు అని మా ఆయనే సెప్పినాడు. ఆ మాటకి ఆ మనిసి సంచట్టుకుని ఎక్కీసినాడు."

బస్సు వచ్చినవాడిలా హుషారుగా వెళ్ళాడని గౌసియా గారు చెప్పింది అందుకే. ఆ మనిషిని తాళ్ళతో కట్టి తీసుకుపోయారన్నా నాకు ఇంత బాధ ఉండేది కాదు. నా పేరు పట్టుకుని నడిచి వెళ్ళాడు.

బోటు నడిపింది ఎవరని అడిగాను. నూకరాజు అంది. వీర్రాజు తమ్ముడు, పారాదీప్‌లో ట్రాలర్ల మీద పనిచేస్తాడని విన్నాను తప్ప నేనెప్పుడూ అతన్ని చూడలేదు. ఎడమ చెవి గురించి అడగబోయాను. ఆవిడ నేను అడగకముందే తల ఊపింది. గోడౌను వెనక కొక్కెం పట్టినవాడు నూకరాజు. ఆ పొట్టి మనిషి ఆనవాళ్ళు కృపాకర్ నాకు చెబితే, ఒక సాయంత్రం ఇసకలో పక్కపక్కన కూర్చుని నేను వీర్రాజుకి చెప్పాను. ఇలాంటివాడు మీ పేటల్లో ఎవడైనా ఉన్నాడా బావా అని కూడా అడిగాను. కాసేపు ఆలోచించి, అలాంటోడు మా పేటల్లో ఎవడూ నేడు బావా అన్నాడు.

"పన్నెండేళ్ళు చెల్లీ," అన్నాను.

"నీ కాడికి పోయి సెప్పీమని నాను ఎన్నోపాలి సెప్పినాను అన్నియ్యా. ఆడేటన్నాడో తెల్సా? బావా బావా అని నోటితో పిల్సుకున్నాం, నూకరాజు నా తోడబుట్టినోడు అన్నాడు." ఆవిడ కొంగుతో మొహం తుడుచుకుంది. "తప్పే. నాను నీ కాళ్ళట్టుకున్నప్పుడూ నాకు తెల్సు. తెల్సే పట్టుకున్నాను."

అంటే ఆ ఏడుపు కూడా. నిన్న ఈవిడ కన్నీళ్ళు తుడవడానికి నా జేబురుమాలు ఇచ్చాను. ఇప్పుడు అది దండెం మీద ఉతికి ఆరేసి ఉంది.

మరి ఇప్పుడెందుకు చెబుతున్నావని అడిగాను. స్టేషనులో ఆదివారం సాయంత్రం తనూ ఫ్లోరెన్సూ ఒకే బెంచీ మీద కూర్చున్నారట. ఎవరెవరో తెలిసినా ఫ్లోరెన్స్ తన టిఫిను డబ్బాలో సగం తీసి ఈవిడకి పెట్టిందట. మీ ఆయన్ని పట్టుకున్నారు, మా ఆయన కనబడలేదు, మనిద్దరిదీ ఒకటే బాధ అందట. ఆ ముద్ద ఇంకా గొంతులో అడ్డం పడే ఉందని చెప్పింది చిలకమ్మ.

కృపాకర్ బతికే ఉన్నాడా అని అడగడానికి నాకు చాలా ధైర్యం కావలసివచ్చింది.

"మజ్జేన్నం దాకా ఉన్నాడు. నూకరాజు బోటులోనే నడిసంద్రంలో ఎట్టుకున్నాడు. పైడిరాజు నిన్ననే సంపీమన్నాడు. నూకరాజు సంపనేదు. అన్న లాకప్‌లో ఉన్నాడు, శవం ఒడ్డుకి కొట్టుకొత్తే కూనీ కేసు అన్న మెడకి సుట్టుకుంటాది అన్నాడు. అన్న బయటికొచ్చీదాకా ఆ మనిసి ఒంటి మీద సెయ్యి ఎయ్యనన్నాడు."

నాకు అర్థం కావడానికి కాస్త టైము పట్టింది. శ్రీరామ్మూర్తికి ఈ సంగతి తెలిసే అవకాశం లేదు, కానీ వాడి లాకప్ తలుపు వేసి ఉన్నంతసేపూ కృపాకర్ ప్రాణానికి కాపలా ఉంది. ఒక్క రోజు ఆగమన్నాడు. నేను ఆగలేదు. పదకొండూ పదికి ఆ కాపలా తీసేసింది నా సంతకం.

వీర్రాజు ఎప్పుడు వెళ్ళాడని అడిగాను. స్నానం చేయలేదట. పన్నెండున్నరకి వచ్చాడు, ఒంటిగంటకి తెప్ప మీద వెళ్ళిపోయాడు. ఎటు వెళ్ళాడో తెలియదంది. చంపడానికి వెళ్ళాడని నీకెలా తెలుసు, రేపు కోర్టు టైము దాటేదాకా ఉంచి వదిలేస్తారేమో అన్నాను. ఆ మాట ఆవిడకి చెప్పానో నాకు నేనే చెప్పుకున్నానో.

"అదే అన్నాడు నాతోటి. రేపు మజ్జేన్నం ఒడ్డుకి వదిలేత్తాం అన్నాడు. నాను నమ్మినాను." చిలకమ్మ నా వైపు చూసింది. "బోటు నిలపడానికి నీట్లో దింపీ నంగరం రాయి ఇంకోటి తాడేసి కట్టుకుని పట్టుకెల్లినాడు అన్నియ్యా. బోటులో మనుసులు ముగ్గురు. అన్నం ఇద్దరికే కట్టమన్నాడు."

సందు చివర ఐసు ఫ్యాక్టరీలో ఫోను ఉంది. పరుగెత్తాను. నాలుగూ నలభై. ఆరు దాటితే చీకటి పడుతుంది, చీకట్లో ఆ నీళ్ళమీద ఏ బోటునీ వెతకలేం. స్టేషను నంబరు తిప్పాను. అవతల శ్రీరామ్మూర్తి ఎత్తాడు. పోలీసు లాంచి కావాలని, నేవీ వాళ్ళకి చెప్పాలని, బోటు ఆనవాళ్ళు చెప్పాలని అన్నీ వరసగా అనుకునే ఉన్నాను. నోట్లోంచి వేరే మాట వచ్చింది.

"నువ్వు చెప్పిందే నిజం. వాణ్ణి నేనే వదిలించాను," అన్నాను.